సొరచేపకు ఒక్క సినిమాతో చట్టం వచ్చింది, మన మడికి ఫోటో కూడా చెల్లదా?

ఈసారి కూడా పోస్టు పొడుగే. మోటారు వేసి గట్టు మీద కూర్చున్నప్పుడు చదువుకోండి.

పోయిన వారం మా వరి మడిలో ఏనుగులు తిరిగిన ఫోటోలు పెట్టినాను కదా. దాని కింద రెండు రకాల మాటలు వచ్చినాయి. పట్నం వాళ్లదొక మాట: "ఏనుగు మీ చేలోకి రాలేదు, మీరే దాని ఇంట్లోకి పోయినారు" అని. మనోళ్లదొక మాట: "ఈ జంతువుల సినిమాలు తీసేటోళ్లే దీనికంతా కారణం అన్నా, వాళ్లను పట్టుకొచ్చి ఒక రాత్రి మంచె మీద కట్టేయాల" అని.

మొదటి మాటకు పెద్దగా జవాబు చెప్పను. మా తాత కాలంలో మన పక్క ఏనుగు అంటే గుడి ముందర తొండం ఎత్తి దీవించేదే. 1980లలో తమిళనాడు, కర్ణాటక అడవుల నుంచి మందలు ఇటు దిగినాయి. 1990లో కౌండిన్య అభయారణ్యం పెట్టినారు. మా పట్టా అంతకంటే పాతది. ఎవరింట్లోకి ఎవరొచ్చినారో తేల్చాలంటే ఏనుగులు విడిచిపెట్టి వచ్చిన అడవి యాడికి పోయిందో కూడా అడగాల. అది అడిగేవాళ్లు ఆ పట్నంలో ఎంతమంది ఉన్నారో నాకు తెలియదు.

రెండో మాట గురించే ఈ పోస్టు. అది మనోళ్ల మాట కాబట్టి, తప్పు మాట కాబట్టి.

మైక్ పాండే అని ఒకాయన ఉన్నాడు. కెన్యాలో పుట్టి పెరిగి, ఢిల్లీలో స్థిరపడి, అడవి జంతువుల మీద డాక్యుమెంటరీలు తీసినాడు. దూరదర్శన్‌లో ఎర్త్ మ్యాటర్స్ అని ప్రోగ్రాం వచ్చేది, గుర్తుందా? అది ఆయనదే. ఇంగ్లండులో బ్రిస్టల్ అనే ఊర్లో ఇలాంటి సినిమాలకు పాండా అవార్డు ఇస్తారు, దాన్నే గ్రీన్ ఆస్కార్ అంటారు. ఈయన దాన్ని మూడుసార్లు గెల్చినాడు. 1994లో మొదటిసారి గెల్చినప్పుడు ఆసియా మొత్తంలో ఆ అవార్డు తెచ్చుకున్న మొదటి మనిషి ఈయనే.

ఆ మొదటి అవార్డు దేనికి వచ్చిందో చూడండి. ది లాస్ట్ మైగ్రేషన్ అనే సినిమాకు. జాగా సర్గుజా. అప్పుడది మధ్యప్రదేశ్, ఇప్పుడు ఛత్తీస్‌గఢ్. ఉన్న అడవులు చెదిరిపోయి బీహారు పక్క నుంచి ఏనుగులు దిగినాయి, చేలల్లో పడినాయి, మనుషులను చంపినాయి. కడకు వాటిని పట్టాల్సి వచ్చింది. ఆ పట్టుడు మీదే ఆ సినిమా. అంటే ఆయన కెమెరా మొదట నిలబడింది మనలాంటి ఊర్లోనే. మీరు మంచె మీద కట్టేయాలంటున్న మనిషి ముప్పై ఏళ్ల కిందటే అలాంటి చోటికి తనంతట తానే పోయినాడు.

అయినా నేను ఈయన గురించి చెప్పాలనుకున్నది ఏనుగుల సినిమా వల్ల కాదు, ఒక చేప వల్ల.

వేల్ షార్క్ అని ఒక సొర ఉంది. ప్రపంచంలో దానికంటే పెద్ద చేప ఇంకోటి లేదు. ఆర్టీసీ బస్సంత పెరుగుతుంది. ఒంటి మీద తెల్ల చుక్కలు. అంత పెద్ద నోరు పెట్టుకొని అది తినేది నీటిలో తేలే నలుసంత జీవాలను, చిన్న చేపలను. మనిషిని ఏమీ చేయదు. గుజరాత్ తీరానికి ఏటా వస్తుంది. అక్కడి మత్స్యకారులు మొదట్లో దాన్ని కాలేయం నూనె కోసం పట్టేవాళ్లు, ఆ నూనె చెక్క పడవలకు నీళ్లు పట్టకుండా పూసేవాళ్లు. తొంభైలలో విదేశాల నుంచి మాంసానికి గిరాకీ వచ్చింది. దాంతో వేట పెద్దదైంది. పెద్ద పెద్ద కొక్కేలు గుచ్చి, చేప మునిగిపోకుండా పీపాలు కట్టి, అది అలిసిపోయేదాకా లాగి ఒడ్డుకు తెచ్చేవాళ్లు. ఆ పీపాల వల్ల ఆ చేపకే బ్యారెల్ అని పేరు పడిపోయింది.

మైక్ పాండే దీన్ని సినిమా తీసినాడు. పేరు షోర్స్ ఆఫ్ సైలెన్స్. 2000లో దానికి రెండో పాండా అవార్డు వచ్చింది. సినిమా నిడివి అరగంట కూడా లేదు. మన పెండ్లి వీడియోలు అంతకంటే పొడుగుంటాయి. కానీ చూడండి ఏం జరిగిందో. 2001 మే నెలలో కేంద్రం ఆ చేపను వన్యప్రాణి చట్టం మొదటి షెడ్యూలులో పెట్టింది, పులిని పెట్టిన దాంట్లోనే. మన దేశంలో అట్లా రక్షణ దొరికిన మొదటి చేప అదే. 2002లో దేశాల మధ్య వ్యాపారం మీద ఉన్న ఒప్పందంలోకి కూడా ఎక్కింది. రెండేళ్లలో ఒక చేప మన చట్టంలోకీ ఎక్కింది, ప్రపంచ చట్టంలోకీ ఎక్కింది. దాని తరఫున ఎవరూ ధర్నా చేయలేదు, రాస్తారోకో చేయలేదు. కెమెరా ఒక్కటే సాక్ష్యం చెప్పింది.

నేనిది ఎగతాళిగా చెప్పడం లేదు. నాకు ఆ పని అంటే గౌరవం ఉంది. నోరు లేని జీవికి నోరు ఇచ్చినాడు. అది ఏటా లక్షల్లో పుట్టే చేప కాదు, పిల్లలు పెట్టే వయసు రావడానికే పాతికేళ్ల పైన పడుతుందంటారు. ఆ వేట అట్లే సాగుంటే ఇంకో పదేళ్లకు మత్స్యకారులకు కూడా ఏమీ మిగిలేది కాదు.

కానీ అక్కడ ఇంకో కథ కూడా ఉంది. అవార్డుల వార్తల్లో అది రాదు. చట్టం వచ్చిన పొద్దున ఆ ఊర్లో ఏమైంది? నిన్నటిదాకా పని అన్నది ఈరోజు నేరమైంది. వేటాడాలని పోకపోయినా సరే, మామూలు చేపల కోసం వేసిన వలలో ఆ సొర చిక్కుకుంటుంది. దాన్ని బతికించి వదలాలంటే వల కోయాల. వల అంటే వాళ్లకు మనకు బోరు లాంటిది, అప్పు చేసి వేసుకున్నది. వల కోస్తే ఎవరిస్తారు? చట్టంలో చేప పేరు ఉంది, వల పేరు లేదు.

2004 వచ్చినాక వైల్డ్‌లైఫ్ ట్రస్ట్ ఆఫ్ ఇండియా, టాటా కెమికల్స్, గుజరాత్ అటవీ శాఖ కలిసి ఊరూరా తిరిగినాయి. రామకథ చెప్పే మొరారి బాపు వచ్చి మత్స్యకారులకు ఒక మాట చెప్పినాడు. ఆ చేప మన ఆడబిడ్డ లాంటిది, పురుడు పోసుకోవడానికి పుట్టింటికి వస్తోంది, పుట్టింట్లో బిడ్డను చంపుకుంటామా అని. దానికి వహాలీ అని పేరు పెట్టినారు, అంటే ముద్దుబిడ్డ. ఆ మాట పని చేసింది. చట్టం భయంతో కాదు, ఆడబిడ్డ అన్న మాటతో వాళ్లు వలలు కోసినారు. అట్లా వందల సొరలను బతికించి వదిలినారు. మన విశాఖ దగ్గర తంతడి తీరంలో కూడా 2021 డిసెంబరులో వలలో పడిన ఒక సొరను మత్స్యకారులు, అటవీ సిబ్బంది కలిసి మళ్లీ సముద్రంలోకి తోసి పంపినారు, మీరు పేపర్లో చూసే ఉంటారు.

కోసిన వలకు గుజరాత్‌లో పరిహారం కూడా వచ్చింది. అయితే మొదట్లో ఒక తిరకాసు ఉండేది. వలలో సొర ఉందని ఫోన్ చేస్తే ఆఫీసరు వచ్చి కళ్లారా చూసి రాసుకోవాల. ఆయన పడవెక్కి వచ్చేదాకా చేప వలలో కొట్టుకుంటూ ఉండాల, మత్స్యకారుడు ఆ రోజు సంపాదన వదులుకొని కాపలా ఉండాల. తర్వాత ఎవరికో మంచి ఆలోచన వచ్చింది. నీళ్లలో తడిసినా చెడిపోని చిన్న కెమెరాలు పడవలకు పంచినారు. సొర పడిందా, ఫోటో తీయి, వెంటనే వల కోసి వదిలేయి, ఒడ్డుకొచ్చి ఫోటో చూపించు, పరిహారం తీసుకో. అంతే. చేపకు మేలు, మనిషికి మేలు.

ఇక్కడ కొంచెం ఆగి ఆలోచించండి అన్నా. ఢిల్లీ నుంచి వచ్చిన కెమెరా చేపకు చట్టం తెచ్చింది. మత్స్యకారుడి చేతిలోకి వచ్చిన కెమెరా వలకు డబ్బు తెచ్చింది. మొదటిది రెండేళ్లలో జరిగింది. రెండోదానికి పదేళ్ల పైన పట్టింది. నా కోపం మొదటి కెమెరా మీద కాదు, ఈ రెండింటి మధ్య పోయిన ఆ పదేళ్ల మీద. ఆ పదేళ్లలోనే మన ఊర్లన్నీ ఇరుక్కొని ఉన్నాయి.

నా సంగతే చెప్తాను. రెండేళ్ల కిందట, పాలు పోసుకున్న వరి. ఇంకో ఇరవై రోజులకు కోతకు వచ్చేది. రాత్రి రెండు గంటలప్పుడు వచ్చినాయి, నాలుగో ఐదో. తిన్నది తక్కువ, తొక్కింది ఎక్కువ. పక్క టమోటాలో డ్రిప్ పైపులు బొంగరం తాడు లాగి పారేసినట్టు లాగి పారేసినాయి. స్టార్టర్ డబ్బా ఒరిగిపోయింది. తెల్లారకముందే ఫోన్‌లో ఫోటోలు తీసినాను. అడుగులు, లద్దె, పడిపోయిన గట్టు, అన్నీ. ఒక ఆఫీసుకు పోయి అర్జీ ఇచ్చినాను. పేరు చెప్పను, చెప్పినా ఒరిగేది లేదు. మనిషి తొమ్మిదో రోజు వచ్చినాడు. మధ్యలో రెండు వానలు పడినాయి. మడిలో అడుగు యాడిది? "ఏనుగే తొక్కిందని ఎట్లా నమ్మాల" అన్నాడు. ఫోన్ తీసి చూపించినాను. "ఈ ఫోటో నువ్వు యాడ తీసినావో ఎవరికి తెలుసు రెడ్డీ, ఇది చెల్లదు" అన్నాడు. ఆయన మీద నాకు కోపం లేదు, ఆయనకు ఇచ్చిన కాగితంలో ఫోటో అనే గడి లేదు. కానీ ఒక మాట అడుగుతా. సొరచేప గురించి ఢిల్లీ దాకా చెల్లిన ఫోటో, నా మడి గురించి మండలం దాకా ఎందుకు చెల్లదు?

సినిమాలు తీసేటోళ్ల గురించి కూడా నాకు ఒక ఫిర్యాదు ఉంది. అది మీరంటున్న ఫిర్యాదు కాదు. ఒకసారి కొంతమంది పిల్లోళ్లు డ్రోనూ కెమెరాలూ తీసుకొని మన పక్క వచ్చినారు. మంచి పిల్లోళ్లే, మా ఇంట్లో సంగటి తిన్నారు. రాత్రి మంద దిగింది. నేనూ మా తమ్ముడూ టార్చిలు వేసి అరుస్తా ఉంటే "అన్నా, ఒక్క ఐదు నిమిషాలు లైటు ఆపుతారా, ఫ్రేములో పడుతోంది" అన్నారు. ఆపినాము. తర్వాత ఆ వీడియో చూసినాను. వెన్నెల, మంచు, తల్లి వెనకాల గున్న. అందంగా ఉంది, అబద్ధం ఎందుకు చెప్పాల. కానీ ఆ గున్న కాళ్ల కింద ఉన్నది నా వరి. అది వరి అని చూసినోడికి తెలియదు. మేమున్న పక్క కోసేసినారు. మనిషి లేని అడవి లాగా చూపించినారు.

దీన్ని మాత్రం నేను ఒప్పుకోను. ఏనుగును చూపించు, దాని మీద ప్రేమ పుట్టించు, నాకేం అడ్డం లేదు. కానీ దాని పొట్ట ఎవరి మడితో నిండిందో కూడా చూపించు. చూపించకపోతే ఏమవుతుందో గుజరాత్‌లో చూసినాము. జంతువు వంతు న్యాయం ముందే వచ్చేస్తుంది, మనిషి వంతు న్యాయం పదేళ్లు వెనకబడుతుంది. ఆ పదేళ్లలో మనిషి మనసు జంతువు మీద విరిగిపోతుంది. విరిగిన మనసు ఏం చేస్తుంది? కరెంటు తీగ చుడుతుంది. పంది కోసం చుట్టిన తీగకు పక్క చేను మనిషి పోయిన ఊర్లు మన రాష్ట్రంలో ఎన్ని లేవు? ఏనుగు పడితే జైలు, మనిషి పడితే ఆ ఇంటికి జీవితాంతం ఏడుపు. దయచేసి ఆ పని మాత్రం వద్దు.

ఇంకో సంగతి కూడా చెప్పకపోతే నేను ఒక పక్కకే మాట్లాడినట్టు అవుతుంది. మైక్ పాండే రాబందుల మీద కూడా పని చేసినాడు. చిన్నప్పుడు ఊరి బయట గొడ్డు చచ్చి పడేస్తే గంటలో రాబందులు దిగేవి, సాయంత్రానికి ఎముకలు మిగిలేవి. మీలో నలభై దాటినోళ్లకు గుర్తుంటుంది. అవి ఏమైపోయినాయి? 1992 నుంచి 2007 లోపల తెల్ల వీపు రాబందు నూటికి తొంభై తొమ్మిది వంతులు పైన పోయింది. ఎవరూ తుపాకీ పెట్టి కాల్చలేదు. నొప్పికి, వాపుకు మనం గొడ్లకు వేయించిన డైక్లోఫెనాక్ సూది వల్ల పోయినాయి. సూది వేసిన గొడ్డు చచ్చి, ఆ మాంసం తిన్న పక్షికి మూత్రపిండాలు చెడిపోయేవి. ఎవరం తెలిసి చేయలేదు. డాక్టరు రాసినాడు, మనం వేయించినాము.

రాబందులు పోయినాక చచ్చిన గొడ్లు కుక్కల పాలైనాయి, కుక్కలు పెరిగినాయి, నీళ్లు చెడినాయి. 2024లో ఇద్దరు ఆర్థికవేత్తలు లెక్క కట్టినారు, 2000 నుంచి 2005 లోపల దీనివల్ల దేశంలో సుమారు ఐదు లక్షల మంది మనుషులు అదనంగా చనిపోయినారని. ఐదు లక్షల మంది! "జంతువులు బతికితే మనకేమొస్తుంది" అన్నోళ్లు ఈ లెక్క ఒకసారి చదవండి. 2006లో ఆ మందును గొడ్లకు నిషేధించినారు. అప్పుడు మనకు ఏమైనా నష్టం జరిగిందా? లేదు. ఎందుకంటే నిషేధించేటప్పుడే మెలోక్సికామ్ అనే వేరే మందు చూపించినారు. వద్దన్నోడు బదులు కూడా చూపిస్తే రైతు ఎప్పుడూ అడ్డం పడలేదు. (దీంట్లో ఇంకొక మాట: 2023లో అసిక్లోఫెనాక్, కీటోప్రోఫెన్ కూడా గొడ్లకు వాడకూడదని కేంద్రం చెప్పింది. మనుషుల మందు సీసా తెచ్చి గొడ్డుకు పొడిచే అలవాటు ఇంకా అక్కడక్కడ ఉంది. సూది వేయించేటప్పుడు సీసా మీద పేరు చదవండి.)

సరే, ఇప్పుడు చేయాల్సిన పని. 2025 మే నెలలో కర్ణాటక నుంచి మన రాష్ట్రానికి నాలుగు కుంకీ ఏనుగులు వచ్చినాయి. పలమనేరు దగ్గర ముసలిమడుగు క్యాంపులో పెట్టినారు. మంచిదే. కానీ నాలుగు కుంకీలు ప్రతి రాత్రి ప్రతి మడికీ రాలేవు. మందను వెనక్కి తోలేది అవి, పోయిన పంటకు లెక్క చెప్పేది కాదు.

అసలు సంగతి ఇది. 2025 నవంబరులో కేంద్ర వ్యవసాయ శాఖ ఒక మాట చెప్పింది. 2026 ఖరీఫ్ నుంచి ఫసల్ బీమాలో అడవి జంతువుల వల్ల పోయిన పంటను కూడా కలుపుతామని. రైతు 72 గంటల లోపల పంట బీమా యాప్‌లో నష్టం చెప్పాల, చోటు పడిన ఫోటోలు ఎక్కించాల. చూసినారా? నన్ను "చెల్లదు" అన్న ఫోటోనే ఇప్పుడు వాళ్లే అడుగుతున్నారు. గుజరాత్ పడవల్లో పంచిన ఆ చిన్న కెమెరా మన దాకా రావడానికి ఇంతకాలం పట్టింది.

కానీ దీంట్లో ఒక మెలిక ఉంది. ఏ జంతువులు, ఏ జిల్లాలు అనే జాబితా రాష్ట్రం ప్రకటించాల. ప్రకటించకపోతే మనం ఎన్ని ఫోటోలు తీసినా గ్యాలరీలోనే ఉంటాయి. జాబితాలో ఏనుగు పేరు రాసి అడవి పంది పేరు మర్చిపోతే సగం ఊర్లకు లాభం లేదు. ఇంకా ఒకటి, బీమా పంటకే, విరిగిన పైపులకూ స్టార్టర్లకూ కాదు. వాటికి వేరే అడగాల. అందుకే "సినిమా వాళ్లను కట్టేయాల" అని ఫోన్‌లో తిట్టుకునే బదులు గ్రామసభలో తీర్మానం రాయించండి. మన మండలంలో ఏ జంతువు, ఏ నెలల్లో, ఏ పంట మీద పడుతోందో రాసి, కింద సంతకాలు పెట్టి పంపుదాం. పోయిన మూడేండ్లలో ఎవరి దగ్గర ఏ ఫోటోలు ఉన్నా డిలీట్ చేయొద్దు.

ఆ డ్రోను పిల్లోళ్లకు కూడా నేను ఫోన్ చేసినాను. మళ్లీ రండి, సంగటి పెడతాము, ఈసారి లైటు ఆపము అని చెప్పినాను. మా తమ్ముడు అరిచేది, మా ఆడోళ్లు తెల్లారి పడిపోయిన వరి కంకులు ఏరుకునేది, అర్జీ పట్టుకొని నేను బస్సు ఎక్కేది, అన్నీ తీయమన్నాను. ఏనుగును కూడా తీయమన్నాను. "చూస్తాము అన్నా" అన్నారు. వస్తారో రారో తెలియదు.

ఆదివారం పొద్దున ఎనిమిదికి రచ్చబండ దగ్గర కూర్చుంటాము. పాసుపుస్తకం జిరాక్సు, ఆధార్, బ్యాంకు పుస్తకం తెచ్చుకోండి, యాప్‌లో పేర్లు ఎక్కించుకుందాం. ఫోటో తీసేటప్పుడు చోటు పడేట్టు ఫోన్‌లో లొకేషన్ పెట్టుకోవడం రాని పెద్దోళ్లకు మా తమ్ముని కొడుకు నేర్పిస్తాడు. టచ్ ఫోన్ లేనోళ్లు ఇంట్లో పిల్లోళ్లను వెంట తెచ్చుకోండి. ఛార్జింగ్ పెట్టుకొని రండి, అక్కడ ఉండేది ఒక్కటే ప్లగ్గు.